అరచేతిలో ఆకాశయుద్ధం

(నంగలిలో మన సంఘం జరిపిన ఉగాది సభలో చేసిన ప్రసంగం)



“చిన్ననాటి ఆటలు” అను విషయం మీద తలా పది నిమిషాలు మాట్లాడవలసినదని కార్యదర్శిగారు సెలవిచ్చినారు. మాకు ముందు మాట్లాడిన పెద్దలు బిళ్ళంగోడు, చెడుగుడు, గోలీలు, బొంగరాలు మున్నగువాటిని గురించి చక్కగా చెప్పి మనలను నవ్వించినారు. ఆ ఆటలు మేమూ ఆడినాము. మోకాళ్ళమీద గుర్తులు ఇంకా ఉన్నవి. కాని మా ఈడువారిని అర్ధరాత్రి నిద్రలేపి, చిన్నప్పుడు ఏ ఆటకోసం ఎక్కువ తిట్లు తిన్నావని అడిగితే, బిళ్ళంగోడు పేరు చెప్పేవారు కొద్దిమందే ఉంటారు. తక్కినవారు చెప్పే ఆట అరచేతిలో పట్టేది. దానిని గురించే మేము చెప్పదలచుకొన్నాము.

మేము ఉపన్యాసకులము కాము. కిటికీ వెనుక కూర్చుని టిక్కెట్లిచ్చి చిల్లర లెక్కపెట్టే రైల్వే గుమాస్తాలము. కాబట్టి చెప్పవలసినదంతా కాగితంమీద వ్రాసికొని వచ్చినాము. వ్రాసికొనకపోతే అసలు సంగతి చెప్పకుండానే వేదిక దిగిపోతామని మా భయం.

ఈ భవనం వాకిట పెట్టిన బల్లను మీరందరూ చూచే ఉంటారు. మన తాతముత్తాతలు మొగిలి కనుమ ఎక్కి, పలమనేరు దాటి, కోలారు బంగారు గనులకు వలస వచ్చిన నాటినుండి ఇళ్ళలో మిగిలిన వస్తువులను సభ్యులు తెచ్చి అక్కడ పెట్టినారు. గనిదీపం ఉన్నది, ఇనుప టోపీ ఉన్నది, హాజరుకు ఇచ్చే ఇత్తడి బిళ్ళ ఉన్నది, సొట్టలుపడిన అన్నం క్యారియరు ఉన్నది. వరుస చివర ఒక పాత నోకియా ఫోను ఉన్నది. ఉదయం ఒక పెద్దాయన దానిని చూచి, “ఎవరో మరచిపోయినారు, మైకులో చెప్పండి” అన్నారు. ఎవరూ మరచిపోలేదు. పెట్టినది మేమే.

అది నోకియా 3310. 2000వ సంవత్సరంలో బయటకు వచ్చినది. ప్రపంచంలో 12 కోట్ల 60 లక్షలు అమ్ముడుపోయినవి. బరువు 133 గ్రాములు. అది పడితే నేల పగులుతుందేగాని ఫోను పగలదని ఇప్పటికీ వేళాకోళం చేస్తారు. దానిలో నాలుగు ఆటలు ఉన్నవి. పామాట అందరికీ తెలుసు. ఒకేరకం బొమ్మలను జతచేసే ఆట ఒకటి. బాంటుమీ అని మరొకటి ఉన్నది. పేరు చూచి భయపడకండి, అది వామనగుంటలు. ఈ జిల్లాలో అళగుళి మణె అని చింతగింజలతో మన అవ్వలు ఆడే ఆట ఫిన్లండు దేశపు కంపెనీ ఫోనులోకి ఏ దారిన వచ్చినదో, మొత్తానికి వచ్చినది. మా అవ్వకు ఆ ఆట తెరిచి చూపితే, “గింజలు చేతికి తగలకపోతే అదేం ఆటరా” అని ఫోను వెనక్కి ఇచ్చివేసినది.

నాలుగవది స్పేస్ ఇంపాక్ట్. అనగా ఆకాశయుద్ధం. మా విషయం ఇదే.

దీని తెర ఎంత అనుకొన్నారు? అడ్డంగా 84 చుక్కలు, నిలువుగా 48 చుక్కలు. హెచ్చించి చూడండి, 4,032 చుక్కలు. రంగులు లేవు. చుక్క నల్లబడుతుంది, లేదా నల్లబడదు, అంతే. వెనుక పచ్చని వెలుతురు. మన తల్లులకు ఇది సులభంగా బోధపడుతుంది, ఎందుకంటే సంక్రాంతికి వాకిట వారు చేసే పనీ ఇదే గదా. చుక్కలు పెట్టి, కావలసిన చుక్కలను కలిపి, నెమలి అంటే నెమలి, తేరు అంటే తేరు అనిపిస్తారు. అట్లే ఆ ఆట కట్టినవారు కొద్దిపాటి చుక్కలతో ఒక విమానం, మరికొన్నిటితో తేలులాంటిదో చేపలాంటిదో ఒక శత్రువు, ఒక గీతతో గుండు తయారుచేసినారు. తక్కినదంతా చూచేవాని తల్లోనే నడుస్తుంది. మా తమ్ముడు ఒక శత్రువును గబ్బిలమనేవాడు. మేము పీత అనేవారము. ఈ తగవు ఇప్పటికీ తీరలేదు.

ఆడే విధానం చెబుతాము. మన విమానం తెరకు ఎడమవైపున ఉంటుంది. శత్రువులు కుడివైపునుండి వస్తారు. అంకెల బొత్తాలతో విమానాన్ని పైకి క్రిందికి, ముందుకు వెనుకకు జరుపుకొంటూ మరొక బొత్తాంతో కాల్చాలి. పైన గుండె గుర్తులు ఉంటవి. అవి మన ప్రాణాలు. వాని ప్రక్కన మిగిలిన ప్రత్యేక ఆయుధాల లెక్క, గెలుచుకొన్న అంకె. ప్రత్యేక ఆయుధాలు పరిమితం. తొందరపడి మొదటనే వాడివేస్తే, ప్రతి అంకం చివరనూ ఒక పెద్ద శత్రువు అడ్డు నిలుస్తాడు, వాడు ఒక దెబ్బకు చావడు, అప్పుడు చేతులు ముడుచుకొని కూర్చోవలసినదే. మా తమ్ముడు ఎప్పుడూ ముందే వాడివేసేవాడు. మేము దాచిపెట్టి, దాచిపెట్టి, వాటిని వాడకుండానే చచ్చేవారము. ఈ గుణం మాకు జీతం విషయంలోకూడా ఉన్నదని మా ఇంటివారు అంటారు.

ఈ జాతి ఆటలకు ఒక లక్షణం ఉన్నది. తెర తనంతట తానే జరుగుతుంది. మనం బొత్తాం నొక్కినా నొక్కకపోయినా, ఆకాశం కుడినుండి ఎడమకు పోతూనే ఉంటుంది. ముందు ఏముందో తెలియదు, దాటివచ్చిన దానిని మరల చూడలేము. రైలులో కిటికీ ప్రక్కన కూర్చున్న పిల్లవాడు చెట్లు వెనుకకు పరుగెత్తుతున్నవంటే, కాదు నాయనా, పరుగెత్తేది రైలు అని మనం చెబుతాము. ఈ ఆటలో మాత్రం పిల్లవాడు అన్నదే నిజం. విమానం ఎక్కడికీ పోవడం లేదు. నిలిచిన విమానం ఎదుట లోకాన్ని ఒక్కొక్క వరుస చుక్కలుగా తుడిచి, ఒక చుక్క ఎడమకు జరిపి, మరల గీస్తున్నారు. అంతా అయిన తరువాత విమానం దూరం పోయినట్లు మనకు తోస్తుంది.

దీనికి వంశవృక్షం ఉన్నది. మేము కొంత చదివి తెలిసికొన్నాము. 1978లో జపానులో తోమొహిరో నిషికాడో అనే ఆయన టైటో అనే కంపెనీకి స్పేస్ ఇన్వేడర్స్ అనే ఆట కట్టినాడు. అందులో తెర జరగదు. శత్రువులు బారులుతీరి దిగివస్తారు. వారిలో కొందరు చచ్చినకొద్దీ మిగిలినవారి వేగం హెచ్చుతుంది. ఇది మొదట ఎవరూ తలచి పెట్టిన సంగతి కాదు. గీయవలసిన బొమ్మలు తగ్గేసరికి యంత్రానికి పని తేలికై త్వరత్వరగా గీయసాగినది. ఆ లోపమే బాగున్నదని ఆయన అట్లే ఉంచినాడు. ఉద్యోగులు తగ్గినకొద్దీ మిగిలినవాడు పరుగెత్తవలసి రావడం మా ఆఫీసులోకూడా ఉన్నది. అక్కడ దానిని బాగున్నదని ఎవరూ అనరు.

తరువాత 1981లో రెండు ఆటలు వచ్చినవి. అమెరికాలో యూజీన్ జార్విస్ కట్టిన డిఫెండర్‌లో విమానం అటూ ఇటూ, కావలసిన వైపుకు పోగలదు. వెనుకకు మళ్ళి, క్రింద వదలివచ్చిన మనుషులను కాపాడవచ్చును. అదే ఏడు జపానులో కొనామి కంపెనీవారు తెచ్చిన స్క్రాంబుల్‌లో ఆ వెసులుబాటు లేదు. తెర తోసుకొనిపోతుంది, విమానంలో ఇంధనం తరిగిపోతుంటుంది. నేలమీది ఇంధనపు పీపాలను పేల్చితేనే మరికొంత దూరం. అదే కంపెనీ 1985లో తెచ్చిన గ్రేడియస్ ఈ దారిలో పేరెన్నికగన్నది. మన ఫోనులోని ఆట ఈ రెండవ శాఖకు చెందినది. వెనుకకు మళ్ళి ఎవరినీ కాపాడే ఏర్పాటు అందులో లేదు.

ఇవన్నీ నిలువెత్తు పెట్టెలలో ఆడేవి. అరచేతిలోకి వచ్చిన కథ రైల్వేవారికి ముచ్చటగా ఉంటుంది. నింటెండో కంపెనీలో గుంపెయి యొకోయి అనే ఇంజనీరు ఉండేవాడు. ఒకనాడు రైలులో పోతూ, ఎదుటి ఉద్యోగి ఒకడు తోచక కాలిక్యులేటరు బొత్తాలు నొక్కుతూ కూర్చోవడం చూచి, జేబులో పట్టే ఆట చేయాలని తలచినాడని చెబుతారు. 1980లో గేమ్ అండ్ వాచ్ అట్లా పుట్టినది. 1989లో ఆయన బృందమే గేమ్ బాయ్ చేసినది. అప్పటికే రంగుల తెరలు ఉన్నవి. ఆయన వద్దన్నాడు. బాగా నలిగి చౌకబడిన సామాను తీసికొని దానికి కొత్త ఉపయోగం కనిపెట్టాలని ఆయన సిద్ధాంతం. 160 చుక్కల వెడల్పు, 144 చుక్కల ఎత్తు, నాలుగు ఛాయలు, నాలుగు చిన్న బ్యాటరీలు. చూపుకు వెలవెలబోయినా గంటలకొద్దీ నడిచేది. 1990లో దానికి సోలార్ స్ట్రైకర్ అనే ఆకాశయుద్ధం వచ్చినది. అందులో లోకం పైనుండి క్రిందికి జరుగుతుంది. గ్రేడియస్ వంశంలోని నెమెసిస్ కూడా ఆ ఏడే వచ్చినది. ఆ తెరమీద వేగంగా పోయే వస్తువు వెనుక పొగవంటి మరక మిగిలేది. నల్లబడిన చుక్క తెల్లబడడానికి క్షణం ఆలస్యం. మా 3310లోనూ కొంత అట్లే ఉంటుంది. గుండు పోయినచోట దాని నీడ కనబడుతుంది.

గేమ్ బాయ్ నంగలిలో ఎవరివద్దా ఉండగా మేము చూడలేదు. మాకు దొరికినది ముళబాగిలు సంతలో అమ్మే చైనా బ్రిక్ గేము. పైన 9999 ఆటలని వ్రాసి ఉండేది. లెక్క చూస్తే ఆటలు పదికి మించవు. తక్కినవన్నీ వేగం మార్చి, వరుస మార్చి మరల అవే. తెర పదికి ఇరవై, వెరసి 200 గళ్ళు. అందులోనూ కాల్చే ఆట ఒకటి ఉండేది. 200 గళ్ళమీద చేయి తిరిగిన మాకు 4,032 చుక్కలంటే తిరుపతి కొండ ఎక్కి చూచినంత విశాలంగా తోచినది.

ఇప్పుడు ఆ ఫోను మా ఇంటికి ఎట్లా వచ్చినదో చెప్పాలి.

మా అమ్మ తమ్ముడు, మా మామ, ఛాంపియన్ రీఫ్ గనిలో కొయ్యదూలాలు నిలబెట్టే పని చేసేవాడు. భూమికి మూడు కిలోమీటర్ల పైచిలుకు లోతుకు పోయిన గని అది. లోపల రాయి ముట్టుకొంటే కాలేది. పైరాయి కదలకుండా దూలం బిగించడం ఎంత బాధ్యతో ఇక్కడ కూర్చున్న పెద్దలకు మేము చెప్పనక్కరలేదు. 2001 ఫిబ్రవరి 28న గనులు మూతపడినవి. ఆ తరువాత ఎందరో మారికుప్పంలో తెల్లవారుజామున రైలెక్కి బెంగుళూరు పనులకు పోసాగినారు. బంగారుపేటనుండియే సుమారు 70 కిలోమీటర్లు, పోనూ రానూ రోజూ. మా మామ మాత్రం క్వార్టరు వదలి, పిల్లలతో నంగలికి వచ్చి మా ఇంటి వెనుక గదిలో దిగినాడు. టొమాటో మండీలో బుట్టలు లారీలకెత్తే కూలికి పోయేవాడు.

2004లో ఆయన ముళబాగిలులో పాత 3310 కొన్నాడు. ఆట ఆడడానికి కాదు. కొండలు తొలిచి సొరంగాలు చేసే పనులకు మనుషులను కుదిర్చే మేస్త్రీ ఒకడు, గనిలో దూలంపని తెలిసినవాడు కావలెనని విని, మామ ఫోను నంబరు అడిగినాడట. నంబరు లేనివానికి పని లేదు. అందుకై కొన్న ఫోను అది. పగలు మండీలో మామ లుంగీ మడతలో ఉండేది, రాత్రి మా చేతికి చిక్కేది. మామ అడ్డు చెప్పేవాడు కాడు. ప్రక్కన కూర్చుని, “ఎంత వచ్చెరా?” అని అంకె అడిగేవాడు. ఒక్కసారి తానూ ఆడినాడు. గనిలో అంత బరువు మోసిన వేళ్ళు ఆ చిన్న బొత్తాలమీద రెండేసి ఒక్కసారి పడేవి. మొదటి శత్రువుకే చచ్చి, “ఇది పైనుంచి రాయి పడేదానికన్నా బిరీన వస్తా ఉండాది” అని నవ్వినాడు.

మన ఊరికి ఒక చిక్కు ఉన్నదని మీకు తెలుసు. హొయ్సళ విష్ణువర్ధనుని శాసనాలలో ఆ రాజ్యానికి తూర్పు ఎల్లగా నంగలి పేరు ఉన్నది. అప్పటినుండి ఎల్లలోనే ఉన్నాము. ఆ రోజులలో ఫోను ఇంటికి తూర్పు గోడవైపు ఉంటే ఆంధ్ర టవరు పట్టేది, పడమటి అరుగుమీద ఉంటే కర్ణాటక టవరు పట్టేది. ఆంధ్ర టవరు పట్టితే వచ్చిన ఫోనుకుకూడా మనమే డబ్బులు కట్టుకోవాలి. కనుక మామ దానిని పడమటి అరుగుమీద, తలగడ ప్రక్కన పెట్టుకొని పడుకొనేవాడు.

ఆ ఏడు డిసెంబరులో ఒక సాయంత్రం మామ మండీనుండి వస్తూనే మా అమ్మతో చెప్పినాడు. మేస్త్రీ ఆ రాత్రి పదిగంటల మీద ఫోను చేస్తాడు. సరేనంటే తెల్లవారి మొదటి బస్సుకు బెంగుళూరు పోయి చేరాలి. మూడేళ్ళ పని. మా అమ్మ ఆయన చొక్కాలు రెండు ఉతికి దండెంమీద వేసినది. చలికి అవి ఆరవని మరల పొయ్యిదగ్గర కట్టినది.

సాయంత్రంనుండి కరెంటు లేదు. శివసముద్రం జలపాతంనుండి కోలారు గనులకు 1902లోనే విద్యుచ్ఛక్తి వచ్చినదని మనం గొప్పగా చెప్పుకొంటాము. నిజమే. నూరేళ్ళు దాటిన తరువాత నంగలిలో మాత్రం మేము కిరోసిను దీపం క్రింద చదువుకొంటున్నాము. మామకు ఒళ్ళు అలసి తొమ్మిదింటికే నిద్ర పట్టినది. ఫోను మోగితే లేస్తానని పడుకొన్నాడు.

మేమూ మా తమ్ముడూ ఆ ఫోను తీసినాము. అప్పటికి మాకు పదునాలుగేళ్ళు. అది ఎందుకు అక్కడ ఉన్నదో మాకు తెలుసు. బ్యాటరీ గుర్తులో ఒక్క గీత మిగిలి ఉన్నదికూడా చూచినాము. ఒక్క ఆట ఆడి పెట్టివేద్దామని అనుకొన్నాము. చీకటిలో ఆ పచ్చని వెలుతురు మోచేతులవరకు పడేది. ఆ రాత్రి మా చేయి మునుపెన్నడూ లేనంత బాగా నడిచినది. అంతవరకు ఎన్నడూ చూడని అంకం చేరినాము. అడుగున నేల జరుగుతున్నది, శత్రువులు తెరపైకి కొత్తరూపులలో వస్తున్నారు, తమ్ముడు చెవిలో “క్రింద, క్రింద” అని గుసగుసలాడుతున్నాడు. ఫోను ఒకసారి కూతపెట్టినది. అది బ్యాటరీ అయిపోతున్నదనే కూత. తమ్ముడు మా ముఖం చూచినాడు. మేము ఆట ఆపలేదు.

ఈ ఆటలో మధ్యలో నిలిపి, తరువాత అక్కడినుండియే కొనసాగించే వీలు ఉన్నది. మెనూలోకి పోతే ‘కంటిన్యూ’ అని చూపుతుంది. ఆ సంగతి తెలియదనడానికి మాకు వీలులేదు. రోజూ మా అమ్మ అన్నానికి పిలిచినప్పుడు అదే చేసేవారము.

పెద్ద శత్రువు ఎదుటికి వచ్చినాడు. దాచిన ఆయుధాలు మొదటిసారి వాడినాము. వాడు చచ్చినాడో లేదో చూడకమునుపే తెర తెల్లబడి ఫోను చచ్చినది. ఆట మధ్యలో పోయినందున ఆ అంకె ఫోనులో ఎక్కడా నమోదు కాలేదు. ఎంత వచ్చినదో ఈనాటికీ మాకు తెలియదు. దానిని మెల్లగా తీసికొనిపోయి మామ తలగడ ప్రక్కన ఎట్లా ఉన్నదో అట్లే పెట్టినాము.

కరెంటు మూడుగంటలకు వచ్చినది. మామ నాలుగింటికి లేచి, ఫోను చూచి, ఛార్జికి పెట్టి, దానిముందు గొంతుకూర్చొన్నాడు. అది మోగలేదు. ఆరింటికి బస్సు నిలిచేచోట ఉన్న ఎస్.టి.డి. బూతుకు పోయి తానే ఫోను చేసినాడు. రాత్రి రెండుమార్లు చేసినాము, స్విచాఫ్ అని వచ్చినది, వేరే మనిషిని పంపివేసినామని చెప్పినారు. మామ తిరిగివచ్చి ఆ ఆరీ ఆరని చొక్కా దండెంమీదనే వేసి, “కరెంటు పోయిండె గదా, ఎవరేం చేస్తారు” అన్నాడు.

అప్పుడైనా చెప్పవలసినది. మేము చెప్పిన మాట ఇది: “బ్యాటరీ పాతది మామా, ఊరికే దిగిపోతాది.” అడగకుండానే చెప్పినాము. మామ అది నమ్మి, ఆదివారంనాడు ముళబాగిలు పోయి, ఫోను అమ్మినవానితో నడివీధిలో తగవుపడి, రెండు రోజుల కూలి పెట్టి వేరే బ్యాటరీ కొని తెచ్చినాడు. ఆ అంగడివాడు చెడ్డ సామాను అంటగట్టినాడని చాలా ఏండ్లు చెప్పుకొన్నాడు. అతడు ఏ పాపమూ ఎరుగడు.

ఆ తరువాత మామ ఆరేండ్లు మండీలో బుట్టలెత్తినాడు. ఆ మరుసటి ఏడు ఆ ఇంట కాలేజీ ఫీజు కట్టలేక ఒక చదువు ఆగినది. మా ఆటవల్లనే ఆగినదని చెప్పలేము. కాదనీ చెప్పలేము. సొరంగంపని ఎట్లా ఉండేదో, మామ ఒంటికి సరిపడేదో లేదో ఎవరికి తెలుసు? ఈ ప్రశ్నలన్నీ వేసికొని కొంతకాలం మేము మమ్ములను ఓదార్చుకొన్నాము. కాని ప్రశ్నలు వేసికొనే హక్కు మామది. అసలు సంగతి తెలియనిదే ఆయన ఏమని వేసికొంటాడు?

తరువాత మామ నోకియా 1100 కొన్నాడు. 2003లో వచ్చిన ఫోను అది, పాతిక కోట్లకు పైగా అమ్ముడుపోయినది. ఆయనకు ఆ లెక్కలు అక్కరలేదు. దాని నెత్తిన టార్చి ఉన్నదని కొన్నాడు. “గనిలో దీపం నా నెత్తిన ఉండె, ఇప్పుడు ఫోను నెత్తికెక్కె” అనేవాడు. పాత 3310 మా చేతిలో పెట్టి, “దీంట్లో ఆట బాగుండాది, మీరే పెట్టుకోండి” అన్నాడు. అప్పుడుకూడా మేము నోరు విప్పలేదు.

ఈ ఫోనుల సంగతి ఇంకొకటి చెప్పి ముగించెదము. మన ఊరిమీదుగా పోయే పాత మద్రాసు రోడ్డులోనే, అటు చివర, శ్రీపెరుంబుదూరులో నోకియావారు 2006లో కర్మాగారం పెట్టినారు. వేలమంది అందులో పనిచేసినారు. 2014 నవంబరులో అది మూతపడినది. రోడ్డుకు ఈ చివర గనులు, ఆ చివర ఫోనులు. 2017లో వేరొక కంపెనీ 3310 పేరుతోనే రంగుల తెరతో కొత్త ఫోను తెచ్చినది. మేము అంగడిలో చేతపట్టి చూచి మరల పెట్టివేసినాము.

ఈనాటి పిల్లల ఫోనులలో లక్షలకొద్దీ చుక్కలు ఉన్నవి. మా కిటికీముందు వరుసలో నిలుచున్నవారుకూడా తల వంచుకొని ఏదో కాలుస్తూనే ఉంటారు. ఆ ఆటలు మధ్యమధ్య ప్రకటనలు చూపుతవి, ప్రాణం పోతే డబ్బు పెట్టి ప్రాణం కొనుక్కోమంటవి. మా పాత ఆట మావద్ద డబ్బు అడగలేదు. దానికి కావలసినది బ్యాటరీ మాత్రమే. అదే మాది కాదు.

మామ ఈ సభలోనే ఉన్నాడు. మూడవ వరుసలో, పంకా క్రింద, పచ్చచొక్కాతో కూర్చున్నాడు. ఇంట్లో చెప్పబోయిన ప్రతిసారీ ఆయన వేరేమాట ఎత్తడమో, మేము వేరేమాట ఎత్తడమో జరిగినది. కాబట్టి నలుగురిలో, తప్పించుకొనే వీలు లేనిచోట చెబుతున్నాము. మామా, ఆ రాత్రి బ్యాటరీ మంచిదే. ఆడి అవగొట్టినది మేము. తమ్ముడు చిన్నవాడు, వానికి సంబంధం లేదు.

బల్లమీది ఫోనుకు కొత్త బ్యాటరీ వేయించినాము, రాత్రంతా ఛార్జిలో ఉంచినాము. సిమ్‌కూడా వేసి ఉన్నది. సభ ముగిసిన తరువాత పిల్లలు వరుసలో వచ్చి ఆడవచ్చును, మనిషికి ఒక ఆట. బొత్తాలు మెల్లగా నొక్కాలి, ఐదవ అంకె బొత్తాం కొంచెం అరిగి ఉన్నది. మొదటి ఆట మాత్రం మా మామది.